తోడుపెట్టె

షాపు మీది మేడగది,
వానలు మొదలైన వారం

సన్నాయికి,

ఉత్తరం రాయలేదని నొక్కులు నొక్కుతూ నువ్వు పంపిన కార్డు అందింది. మీ అన్నయ్య నీకు సన్నాయి అని పేరు ఊరికే పెట్టలేదు. ఇదిగో రాస్తున్నాను, కాస్త ఊపిరి పీల్చుకో.

ఇన్నాళ్ళకు కింద వాద్యాల షాపు తలుపు తీశాను. మీ అన్నయ్య పోయాక ఆ తాళం ముట్టుకోవడానికి చెయ్యి రాలేదు. పైన కుట్టుమిషను తొక్కుకుంటూ, కింద షాపనేదే లేనట్టు ఇన్ని నెలలు గడిపేశాను. వాననీళ్ళు గుమ్మంలోంచి లోపలికి పోతున్నాయని పక్క మందుల షాపాయన వచ్చి చెబితే ఇక తప్పలేదు.

లోపల ఎక్కడివక్కడే ఉన్నాయి. గోడకు ఫిడేళ్ళు, మూల తీగలు తెగిన గిటార్లు, గిన్నెలో జిగురు బిగుసుకుపోయి బ్రష్షు నిలబడే ఉంది. ఆయన తల వాల్చిన బెంచీ మీద ఆ రోజు అతికిస్తున్న ఫిడేలు బిగింపులతో సహా అలాగే ఉంది. తుడుద్దామని గుడ్డ తీసుకెళ్ళాను కానీ, దాన్ని మాత్రం తుడవలేదు.

బెంచీ కింద గోనె కప్పి ఉన్న తోడుపెట్టె కనిపించింది. ఒక ఫిడేలు వాయిస్తే గోడకున్న మరో ఫిడేలు దానంతటదే సన్నగా మోగుతుంది కదా. తీగకు తీగ తోడు పలికినట్టే, వస్తువుకు లోకం తోడు పలుకుతుందని మీ అన్నయ్య వాదన. పైన ఇత్తడి పళ్ళెం, లోపల తీగలు, పక్కన పిడి. పళ్ళెం మీద ఒక వస్తువు పెట్టి, ఆ వస్తువూ తీగా ఒకే గొంతుతో మోగేదాకా పిడి తిప్పాలట. అప్పుడు ఆ వస్తువు దేనికి గుర్తో, ఆ సంగతి లోకంలో మారిపోతుందట. కొత్తలో ఈ మాట చెబితే, "తోడుపెట్టడానికి ఇంట్లో పాలున్నాయి గదండీ, లోకమెందుకు" అన్నాను. సాయంత్రం దాకా మూతి ముడుచుకుని కూర్చున్నారు.

ఆ పెట్టె పక్కనే ఆయన టిఫిన్ డబ్బా దొరికింది. మెట్లెక్కి పైకొస్తే ఈలోగా జిగురు ఆరిపోతుందని, మధ్యాహ్నం భోజనం కిందికే పంపించమనేవారు. నేను రోజూ నిండుగా సర్దేదాన్ని, ఆయన రోజూ సగం మిగిల్చేవారు. నా వంట అంత అధ్వానంగా ఉందా అని పోట్లాడితే, పనిలో పడి మర్చిపోయానని గొణిగేవారు. చాలా ఏళ్ళకు గానీ నాకు సంగతి బోధపడలేదు. మిషను ముందు కూర్చుంటే నాకు తిండి ధ్యాస ఉండదని ఆయనకు తెలుసు. మిగిలింది పారేయడానికి చేతులు రాక, ఆయన్ను తిట్టుకుంటూ నేనే తినేస్తానని కూడా తెలుసు. ఇన్నేళ్ళూ మొగుడి మీద కోపంతో కడుపు నింపుకున్నానన్నమాట. ఆ డబ్బా ఒళ్ళో పెట్టుకుని చాలాసేపు ఏడ్చాను. నీకు కాక ఇంకెవరికి చెప్పుకోను?

ఆ పెట్టెను శ్రుతి చేయడం నీకు తెలుసని ఆయన ఒకసారి అన్నారు. ఎలాగో రాయి. ఎందుకని మాత్రం అడగకు.

నీ వదిన


స్టేషన్ క్వార్టర్సు,
అదే నెల

వదినా,

ఎందుకని అడగను. తెలుసు కనుక అడగను.

పెట్టె మొదటిసారి పలికినప్పుడు నేను అన్నయ్య పక్కనే ఉన్నాను. అప్పటికింకా నువ్వు మా ఇంటికి రాలేదు. మాకు బొగ్గు అని నల్ల కుక్క ఉండేది. అన్నయ్య కంచంలో తిని, అన్నయ్య మంచం మీద పడుకునేది. అది తప్పిపోతే అన్నయ్య తిండి మానేసి వీధులన్నీ తిరిగాడు. చివరికి దాని మెడపట్టీ పళ్ళెం మీద పెట్టి పిడి తిప్పాడు. పట్టీ రొద చేసింది, తీగ రొద చేసింది, కాసేపటికి రెండూ ఒకటే మోత. అంతలో వీధి తలుపు గీకుతున్న చప్పుడైంది. నేను ఎగిరి గంతేశాను.

అన్నయ్య మాత్రం దాని వంక ఒకసారి చూసి, "దీన్ని బయట కట్టెయ్, పని చెడుతుంది" అని బెంచీ వైపు తిరిగాడు. మర్చిపోయాడనుకునేవు. దాని పేరు, అది మా ఇంటికొచ్చిన రోజు, దాని చేష్టలు, ఏది అడిగినా చెప్పేవాడు. చెప్పేటప్పుడు మొహంలో ఏమీ ఉండేది కాదు. బొగ్గు తోక ఊపుకుంటూ పక్కన నిలబడితే కాలితో మెల్లగా పక్కకు జరిపేవాడు. వీధిలో వాళ్ళకైతే అది తప్పిపోయిన సంగతే గుర్తులేదు. దాన్ని ప్రేమించిన మా ఇద్దరికే తెలుసు.

పెట్టె ఊరికే ఇవ్వదు వదినా. ఆ వస్తువు మనకు ఏమవుతుందో, ఆ బంధాన్ని మనలోంచి తీసుకుని, దాంతో లోకాన్ని మారుస్తుంది. మనకు వట్టి వస్తువు మిగులుతుంది. అన్నయ్య గోనె కప్పి బెంచీ కిందికి తోసింది అందుకే.

నేను ఇక్కడ, ప్రయాణికులు పోగొట్టుకున్న సామాను అప్పగించే కౌంటర్లో కూర్చుంటాను కదా. మొన్న ఒకావిడ ఒంటి చేతి తొడుగు కోసం మూడు స్టేషన్లు తిరిగి వచ్చింది. చిరిగిన తొడుగు. దొరికితే దాన్ని చెంపకు ఆనించుకుంది. మా గుమాస్తా నవ్వాడు, నాకు నవ్వు రాలేదు. ఆ డబ్బాను అలాగే ఉంచుకో. శ్రుతి చేయడం నేను రాయను. నువ్వు తిట్టినా సరే.

నీ సన్నాయి


షాపు మీది మేడగది,
వానలు ముదిరాక

సన్నాయీ,

కుక్క వేరు, మొగుడు వేరు. నువ్వు చెప్పకపోతే నాకు చేతకాదనుకున్నావా? ఇన్నేళ్ళు ఆ షాపు నెత్తిన కాపురం చేశాను. తీగ ఎప్పుడు కలిసిందో, ఎప్పుడు కలవలేదో కింద ఆయన కంటే పైన నాకే ముందు తెలిసేది.

డబ్బా పళ్ళెం మీద పెట్టి పిడి తిప్పాను. మొదట్లో డబ్బా ఒక దారి, తీగ ఒక దారి. చెయ్యి నొప్పి పుట్టింది. తర్వాత రెండూ కలిసినప్పుడు పళ్ళు జివ్వుమన్నాయి. తలుపు వైపు చూశాను, ఎవరూ రాలేదు. నా పిచ్చికి నేనే నవ్వుకుని పైకొచ్చేశాను.

మర్నాడు ఎందుకో మనసాగక డబ్బా నిండా సర్ది కింద బెంచీ మీద పెట్టి తాళం వేసుకొచ్చాను. సాయంత్రం వెళ్ళి చూస్తే సగం తిని ఉంది. చెంచా బోర్లించి ఉంది, ఆయన బోర్లించినట్టే. డబ్బా ఇంకా వెచ్చగా ఉంది. అప్పటినుంచి రోజూ పెడుతున్నాను, రోజూ సగమే మిగులుతోంది. ఆయన రాలేదు గానీ ఆయన ఆకలి వచ్చింది సన్నాయీ. రేపు మనిషే వస్తారేమో, ఎవరు చెప్పొచ్చారు?

చాలాకాలం తర్వాత పొద్దున్నే లేచి కూనిరాగం తీస్తూ వంట చేశాను. నువ్వు వింటే భయపడేదానివి.

నీ వదిన


స్టేషన్ క్వార్టర్సు,
వానలు తగ్గుముఖం పట్టాక

వదినా,

నీ ఉత్తరం కౌంటర్లోనే చదివాను. చదివి బల్ల మీద తల పెట్టుకుంటే తలనొప్పా అని గుమాస్తా అడిగాడు. అవునన్నాను.

అన్నయ్య తింటున్నాడంటే నాకు ఎంత సంతోషంగా ఉందో, అంత భయంగానూ ఉంది. ఒక్కటి చెప్పు. ఆ మిగిలిన సగం నువ్వు తింటున్నావా? తింటుంటే ఎలా ఉంటోంది? వెనకటిలాగే తిట్టుకుంటున్నావా? దాచకుండా రాయి. ఇంకేమీ అడగను.

నీ సన్నాయి


షాపు మీది మేడగది,
చలి మొదట్లో

సన్నాయీ,

మిగిలిన సగమా? పారేసేదాన్ని. చల్లారిన తిండి ఎవరు తింటారు? రోజూ కిందికి మోసుకెళ్ళడం దండగని ఈమధ్య పెట్టడం కూడా మానేశాను. ఆ డబ్బా గురించి నువ్వంతలా ఎందుకు అడుగుతున్నావో నాకు అర్థం కాలేదు. మూత వదులైపోయింది. గుండీలు పోసుకోవడానికి బాగానే పనికొస్తోంది.

అసలు సంగతికి వస్తాను. పోయిన వారం ఆయన శ్రుతిదండం పళ్ళెం మీద పెట్టాను. అదే, మోకాలికి కొట్టి చెవి దగ్గర పెట్టుకునేవారే, ఆ ఇనప కమ్మీ. ఇప్పుడు సాయంత్రమయ్యేసరికి మెట్ల మీద అడుగుల చప్పుడు, గుమ్మం దగ్గర ఒక చిన్న దగ్గు. తలుపు తీస్తే ఎవరూ ఉండరు. మనిషి ఇలా ముక్కలు ముక్కలుగా వస్తే నాకేం లాభం? దీనికి ఇంకా బలమైన వస్తువు కావాలి. ఆయన చిన్నప్పటి నోటిబాజా నీ దగ్గర ఉందిగా, అది పంపించు.

ఇక్కడ అంతా మామూలే. స్కూలు బట్టల పని బాగా తగులుతోంది.

వదిన


స్టేషన్ క్వార్టర్సు,
ఉత్తరం అందిన రోజే

వదినా,

చేతికందిన కాగితం మీద గబగబా రాస్తున్నాను. రాత వంకరగా ఉంటే సర్దుకో.

నువ్వు వానల మొదట్లో రాసిన ఉత్తరం నా ముందుంది. డబ్బా ఒళ్ళో పెట్టుకుని ఏడ్చానని రాసింది నువ్వే. ఇప్పుడు గుండీలు పోసుకుంటున్నానని రాసిందీ నువ్వే. ఈ రెండు ఉత్తరాలూ ఒకే మనిషి రాసిందంటే చూసినవాళ్ళు నమ్మరు.

శ్రుతిదండం సంగతి చెప్పనా? కొత్త కాపురంలో నీకు కోపం వస్తే మాట్లాడటం మానేసేదానివి. అన్నయ్య ఆ దండం మోకాలికి కొట్టి, నీ మోచేతి ఎముకకు ఆనించి, డాక్టరులా తల పంకిస్తూ, "ఇంకా తారస్థాయిలోనే ఉంది, దిగడానికి సమయం పడుతుంది" అనేవాడట. నువ్వు పెదవి బిగబట్టుకునేదానివట. చివరికి నవ్వేసేదానివట. మా ఇంట్లో గిన్నెలు తుడుస్తూ ఇది నువ్వు నాకు చెప్పావు. చెబుతూ చెబుతూ నవ్వాపుకోలేక ఒక పళ్ళెం జారవిడిచావు. అలాంటిదాన్ని ఇనప కమ్మీ అంటున్నావు.

నోటిబాజా పంపను. పంపినా నీకు ఉపయోగం లేదు. అది నాకు అన్నయ్యే గానీ నీ చేతిలో వట్టి రేకు. నేనే వచ్చి నా చేత్తో తిప్పొచ్చు కదా అని నువ్వంటావు. తిప్పితే వాడొస్తాడేమో. తర్వాత వాడు నాకెవడో అయిపోతాడు. నాకంత ధైర్యం లేదు వదినా, నన్ను ఏమన్నా అనుకో.

ఆపెయ్. నీకు మిగిలిన అన్నయ్యనైనా మిగుల్చుకో.

సన్నాయి


షాపు మీది మేడగది,
చలి బాగా పెరిగాక

సన్నాయీ,

నువ్వు రాసిన శ్రుతిదండం ముచ్చట చదివాను. ఎవరో పక్కింటి దంపతుల కబురు విన్నట్టుంది. సరదాగానే ఉంది. ఉత్తరం మడిచి పెట్టాక అప్పుడు భయం వేసింది. నా మోచేతిని నేనే తడిమి చూసుకున్నాను.

నువ్వు చెప్పింది నిజమే. నేను ఆయన్ను చిల్లరగా ఖర్చు చేసుకుంటున్నాను. ఇలాగే పోతే ఆయనా రారు, ఆయన మీద బెంగా మిగలదు.

ఆపెయ్ అన్నావు. ఆపేస్తే ఏముంటుంది? ఆయన చొక్కాలు, ఆయన కుర్చీ, నేను. రోజూ కాస్త కాస్త దుమ్ము దులుపుకుంటూ, తలుచుకుంటూ, ఎవరైనా అడిగితే కళ్ళు తుడుచుకుంటూ. చాలామంది అలాగే బతుకుతారు, తప్పేమీ లేదు. కానీ నన్ను నేను ఒకటడిగాను. నాకు కావలసింది ఆయనా, ఆయన మీద నా బెంగా? ఆయనకు ఇంకా ఎన్నో ఏళ్ళుండాల్సింది. ఆ ఫిడేలు జిగురైనా ఆరకముందే పోయారు. ఆయన బతికి, కింద కూర్చుని, ఫిడేలు అతికించుకుంటూ, నాకు మాత్రం ఏమీ కాకుండా పోతే పోనీ. బతికుంటే చాలు.

ఆయనకు గట్టి గుర్తు ఏదా అని ఇల్లంతా వెతికాను. చొక్కాలు చూశాను, కళ్ళజోడు చూశాను, చెప్పులు చూశాను. అలసిపోయి కూర్చుని నా చేతులు చూసుకున్నాను. ఆయన మాటలు నా నోట్లో ఉన్నాయి, ఆయన ఇష్టాలు నా వంటలో ఉన్నాయి, ఆయన మీద అరిచి అరిచి నా గొంతు ఇలా తయారైంది. నాకంటే గట్టి గుర్తు ఈ ఇంట్లో ఇంకేముంది? రేపు పొద్దున ఒక చెయ్యి పళ్ళెం మీద పెట్టి, ఇంకో చేత్తో పిడి తిప్పుతాను.

నువ్వు నాకు ఆయన వల్ల దక్కినదానివి. ఆయనతో పాటు నువ్వు కూడా నాలోంచి పోతావేమో తెలియదు. అందుకే ఈ పూటే చెబుతున్నాను. నాకు తోడబుట్టినవాళ్ళు లేరు. నువ్వంటే నాకు ప్రాణం. ఇన్నేళ్ళూ నిన్ను ఏడిపించడమే గానీ ఈ మాట ఎప్పుడూ చెప్పలేదు. రేపటి నుంచి నేను ఎలా రాసినా, ఈ ఉత్తరం రాసినదాన్నే నీ వదిననుకో.

వదిన


షాపు మీది మేడగది,
చలి చివర్లో

ఆడపడుచు గారికి,

నమస్కారం. మీ అన్నగారు క్షేమం. మీరు కంగారు పడుతుంటారని ఈ ఉత్తరం రాస్తున్నాను.

పిడి తిప్పాక బెంచీ మీద తల వాల్చుకుని ఉన్నారు. తల ఎత్తి, "జిగురు ఆరిందా?" అని అడిగారు. ఆరిందని చెప్పాను. ఒక కునుకు పట్టిందని ఆయన అనుకుంటున్నారు. ఆ రోజు ఆయన్ను మోసిన మందుల షాపాయనే గుమ్మంలో నిలబడి, మా పిల్ల ఫిడేలు ఇంకెప్పుడిస్తారు మేస్త్రీ గారూ అని దెబ్బలాడుతున్నాడు. వీధిలో ఎవరికీ ఏమీ గుర్తులేదు.

ఆయన మంచివారిలా ఉన్నారు. వేళకు భోజనం చేస్తారు, ఎదురు మాట్లాడరు. నాకు అన్నీ తెలుసు. పెళ్ళి, కాపురం, ఆయన పోయిన రోజు, మీకు రాసిన ఉత్తరాలు కూడా. స్కూల్లో చదువుకున్న పాఠంలా తెలుసు. ఆయన ఎదురుగా కూర్చుని నవ్వుతుంటే, మర్యాద కోసం నేనూ నవ్వుతున్నాను. అందుకు ఆయన బాధపడుతున్నారని కనిపిస్తోంది. ఏం చేయాలో తెలియడం లేదు.

వీలు చూసుకుని మీరు వచ్చి మీ అన్నగారిని చూసి వెళ్ళగలరు.

ఇట్లు,
మీ వదినగారు


స్టేషన్ క్వార్టర్సు,
వెంటనే

వదినా,

నువ్వు "గారు" అని రాసుకున్నావు. నేను మాత్రం వదినా అనే రాస్తాను, అలవాటు పడు.

అన్నయ్య ఉన్నాడు. ఈ రెండు మాటలు కాగితం మీద ఎన్నిసార్లు రాసుకుని చూసుకున్నానో చెప్తే నవ్వుతావు. నాకు వాడు అలాగే ఉన్నాడు, ఏమీ తగ్గలేదు. నా సంతోషానికంతా వెల నువ్వు కట్టావు.

వాడి దగ్గర్నుంచి కూడా కార్డు వచ్చింది. అందులో ఇలా రాశాడు: "మీ వదిన నన్ను చుట్టంలా చూస్తోంది. కూర్చోండి అంటుంది, మంచినీళ్ళు కావాలా అంటుంది. నేను మిగిల్చినా ఏమీ అనడం లేదు. నేనేం తప్పు చేశానో కాస్త కనుక్కుని రాయి." జవాబు రాయడానికి కూర్చుని కాగితాలు చింపుకున్నాను. నీ భార్య తనలో ఉన్న నిన్ను ఇచ్చి నిన్ను కొనుక్కుందని వాడికి ఎలా రాయను?

పాత కబుర్లన్నీ నీకు మళ్ళీ చెప్పాలని మొదట అనుకున్నాను. చెప్పను. శ్రుతిదండం ముచ్చట చెబితే ఏమైందో చూశాను. సెలవు దొరకగానే వస్తాను. వచ్చి ఊరికే మీ ఇద్దరి మధ్యా కూర్చుంటాను.

సన్నాయి


షాపు మీది మేడగది,
ఎండలు ముదురుతుండగా

ఆడపడుచు గారికి,

మీ ఉత్తరం అందింది. మీకింకా సెలవు దొరకలేదని మీ అన్నగారు చెప్పారు. జవాబు ఆలస్యమైనందుకు మన్నించాలి. మీ అన్నగారి గురించి ఒక విషయం మీ దృష్టికి తేవలసి వచ్చింది.

స్కూలు తెరిచేలోగా యూనిఫారాలు కుట్టి ఇవ్వాలి. నిన్న దారపు రీళ్ళు తేవడానికి బజారుకు వెళ్ళాను. తిరిగొచ్చేసరికి నా కుట్టుమిషను నేల మీద ముక్కలు ముక్కలుగా పరిచి ఉంది. మధ్యలో మీ అన్నగారు, ముక్కు మీద నూనె మరకతో. ఇదేమిటండీ అని మర్యాదగానే అడిగాను. మిషను మోత అరస్వరం కింద పలుకుతోందట, పని చేసుకుంటుంటే చెవిలో గుచ్చుకుంటోందట, అందుకని సరిచేస్తున్నారట. బాగా నడుస్తున్న మిషను. దానికి స్వరం దేనికమ్మా? నేను దాని మీద కచేరీ చేస్తానా?

సరే, బిగించారు. పెడలు తొక్కితే వేణువులా కమ్మగా మోగుతోంది. కుట్టు మాత్రం పడటం లేదు. ఆ పైన గుప్పెడు మరలు తెచ్చి నా చేతిలో పోసి, "ఇవి మిగిలాయి, కంపెనీవాళ్ళు అనవసరంగా ఎక్కువ పెట్టారు" అన్నారు.

నా ఒళ్ళు మండిపోయింది. ఎంత మండిందంటే మరలన్నీ ఆయన ఒళ్ళోకి విసిరాను. ఈ మనిషితో ఎలా వేగను, అడ్డమైనవాళ్ళ వాద్యాలూ బాగుచేసి నా బతుకుతెరువు ఊడదీస్తారా అని అరిచాను. వీధిలోకి వినిపించి ఉంటుంది, మందుల షాపాయన తొంగి చూసి తల లోపలికి లాక్కున్నాడు. అరుస్తుంటే మీ అన్నయ్య మొహం చూడాలి నువ్వు. అన్నేసి తిట్లు తింటూ, ఆ మరలు ఒళ్ళో పెట్టుకుని, కళ్ళ నిండా నీళ్ళతో నవ్వుతున్నారు. అది చూసి నాకింకా మండింది. వంటింట్లోకి పోయి తలుపేసుకుని, ఎందుకో తెలియకుండా వెక్కి వెక్కి ఏడ్చాను.

పాతవేమీ తిరిగి రాలేదు సన్నాయీ, అబద్ధం ఎందుకు చెప్పాలి. పోయినవి పోయాయి. ఈ కోపం కొత్తది. ఎవరో చెబితే తెలుసుకున్నది కాదు, నాకే వచ్చింది, ఈ మనిషి మీదే వచ్చింది. ఎంతకీ దిగడం లేదు. నిన్నటి నుంచి ఆయనతో మాట్లాడటం లేదు. అన్నం వడ్డించి గోడ వైపు తిరిగి కూర్చున్నాను. వెనక నుంచి కాసేపటికోసారి సంజాయిషీలు వినపడుతున్నాయి, అరస్వరం అంటే మామూలు విషయం కాదట.

నీకు కూడా కార్డు రాస్తారు, తన తప్పేమీ లేదని. జవాబు ఇవ్వకు. ఇచ్చావంటే నీతో కూడా మాట్లాడను.

నీ వదిన